టైగర్‌కూ వార్మప్ కావాలి

మా హాస్టల్‌లో టైగర్ అనే కుక్క ఉంది. దాన్ని ఎవరూ తేలేదు, అదే వచ్చింది. మేం పెట్టే సాంబారన్నం తిని మాతోపాటే పెరిగింది.

దసరా సెలవుల తర్వాత మాలో ఒకడు ఊరి నుండి ఫ్రిస్బీ తెచ్చాడు. విసిరితే టైగర్ గాల్లోనే పట్టేది. ఒకరోజు సాయంత్రం వరండాలో నిద్రపోతున్న దాన్ని లేపి, వెంటనే ఎత్తుగా విసిరాం. ఎగిరింది, వంకరగా పడింది. వెనుక కాలు నేల మీద ఆనించలేకపోయింది. ఆ రాత్రి మాకు ముద్ద దిగలేదు.

పశువుల డాక్టరు గారు చూసి, "పరుగుపందెం ముందు మీరేం చేస్తారు?" అన్నారు. "వార్మప్ సార్" అన్నాం. "మరి దానికి?" అన్నారు. మేం తలలు దించుకున్నాం.

1974లో అమెరికాలో ఆష్లే విప్పెట్ అనే కుక్క బేస్‌బాల్ మైదానంలో ఫ్రిస్బీ పట్టి అందరినీ ఆశ్చర్యపరిచిందని మా పీఈటీ సార్ చెప్పారు. ఇప్పుడు అక్కడ అది పోటీ ఆట. ఆ కుక్కలనూ ముందు నడిపించి, ఒళ్లు వేడెక్కాకే ఎగరనిస్తారట.

కాలు నయమయ్యాక మేమూ అలాగే చేస్తున్నాం. పది నిమిషాలు నడక, మెల్లని పరుగు, కుడికీ ఎడమకీ గుండ్రంగా తిప్పడం. మొదట ఫ్రిస్బీని నేల మీద దొర్లిస్తాం. ఆట అయ్యాక ఒగర్పు తగ్గేదాకా నడిపించి, కొద్దికొద్దిగా నీళ్లు పెడతాం. కుక్కకు మనలా ఒళ్లంతా చెమట పట్టదు, ఒగర్చే చల్లబడుతుంది. అందుకే ఎండలో ఆడించం.

టైగర్ ఇప్పుడు కుంటడం లేదు. అయినా ఎత్తుగా విసరం. నొప్పి అని నోటితో చెప్పలేని నేస్తం కదా, ముందే కనిపెట్టాల్సింది మేమే.

- 9వ తరగతి విద్యార్థులు