శబ్దగ్రహణం

మన సినిమాల పేర్ల పట్టికలో ‘శబ్దగ్రహణం’ అనే మాట ఉండేది. గ్రహణమంటే పట్టుకోవటం, సూర్యచంద్రులకు పట్టేదీ గ్రహణమే. తెలుగు సినిమా మన పలుకును పట్టుకున్నదా, మింగినదా అన్నది మనం అడగవలసిన ప్రశ్న.

1932లో ‘భక్త ప్రహ్లాద’తో తెలుగు టాకీ వచ్చింది. తొలిరోజులలో నటులు కెమెరా ముందే మాట్లాడాలి, పాడాలి. తరువాత డబ్బింగు స్థిరపడింది. షూటింగులో ఎంత గోల ఉన్నా ఫరవాలేదు. మూసిన గదిలో, తెరమీది పెదవులు చూస్తూ, మాటలు మళ్ళీ చెప్పిస్తారు. ఇందులో సౌకర్యం ఉన్నది, కాదనను. కాని ఆ గదిలోకి ఊరు రాదు. పైగా ఒకరి పెదవులకు ఇంకొకరి కంఠం అతికించే వీలున్నప్పుడు, ఏ యాస ‘శుభ్రమైనది’ అన్న తీర్పూ అక్కడే జరుగుతుంది. ఆ తీర్పులో తెలంగాణా పలుకు చాలాకాలం హాస్యగానికీ, రౌడీకీ దక్కింది. 1979లో గౌతమ్ ఘోష్ తీసిన ‘మాభూమి’ వంటివి అరుదు.

మొన్న చలికాలంలో మా విద్యార్థులతో ఖిలా వరంగల్ వెళ్ళాను. రాతికోట గోడల లోపల కాకతీయుల తోరణాలే కాదు, ఇళ్ళూ పొలాలూ ఉన్నవి. సౌండ్ రికార్డిస్టులు ప్రతి చోటా కొంతసేపు ‘నిశ్శబ్దాన్ని’ కూడా రికార్డు చేసుకుంటారు. మాటల మధ్య అతుకులు వినబడకుండా దానిని పరుస్తారు. మేమూ ఫోనులో ఆ నిశ్శబ్దాన్ని పట్టబోయాము. పిట్టలు, బండ్ల హారన్లు, ఎక్కడో నీళ్ళ మోటారు. ఏ ఊరి నిశ్శబ్దం ఆ ఊరిదే.

ఒక విద్యార్థి అక్కడి ముసలమ్మను వ్యవసాయం గురించి అడిగాడు. ఆమె ఫోను చూచి, “సినిమల లెక్క సక్కగ మాట్లాడాల్నా బిడ్డా?” అని, పుస్తకంలోని తెలుగు మొదలుపెట్టింది. “రోజు మాట్లాడినట్టె మాట్లాడవ్వా” అన్నా మారలేదు. ఇంతలో మేక మిరప మడిలో పడ్డది. దానిని అదిలిస్తూ ఆమె అన్న మాటలలో మాత్రమే ఆమె ఉన్నది. డబ్బింగు గదిలో వాటిని రొదగా తీసివేసి ఉండేవారు.

యంత్రంమీద నెపం వేయటానికి ఇప్పుడు వీలులేదు. 2018లో వచ్చిన ‘కేరాఫ్ కంచరపాలెం’లో చాలామంది ఆ ఊరివారే నటించారు, మాటలు అక్కడికక్కడే రికార్డయినవి. కాని మైకు ఊళ్ళోకి వస్తే చాలదు. ఆ ముసలమ్మ మాట మార్చుకున్నది మైకు ముందే గదా! తన మాట తక్కువది అని ఆమెకు నేర్పినది ఒక్క సినిమాయే కాదు, మన తరగతి గది కూడా. ఆ పాఠాన్ని రద్దు చేయవలసిన బాధ్యత సౌండ్ రికార్డిస్టుకంటె ముందు తెలుగు చెప్పే మనమీద ఉన్నది.