గోడకు చేర్చిన కర్ర

మా స్వగ్రామము చిలమకూరు. ఎఱ్ఱగుంట్లకు సమీపమున, సున్నపురాతి నేలపై నున్న ఊరు. నా బాల్యమున పండుగ దినములలో యువకులు కర్రసాము చేయుచుండగా మేము గుమిగూడి చూచువారము. తరువాత నేను ప్రధానోపాధ్యాయుడనై, పాఠశాల వార్షికోత్సవములలో బాలురచే ఆ విద్యను ప్రదర్శింపజేయుచుంటిని.

ఒక యేడు ఎనిమిదవ తరగతి బాలిక యొకతె వచ్చి, "అయ్యవారూ, నేనును కర్రసాము నేర్చుకొందును" అని యడిగెను. "ఆడపిల్లవు, నీకు కర్ర యేల? పాటల జట్టులో చేరుము" అని నేను నవ్వితిని. తోటి పిల్లలును నవ్విరి. ఆమె చేతనున్న కర్రను మెల్లగా గోడకు చేర్చి వెడలిపోయెను. పిమ్మట నన్నేమియు అడుగలేదు. నేనా సంగతినే మఱచితిని.

2021 జూలై 26వ తేదీ ఉదయమున నా మనుమరాలు నన్ను టెలివిజను ఎదుట కూర్చుండబెట్టెను. టోక్యో ఒలింపిక్ క్రీడలలో కత్తిసాము పోటీ జరుగుచుండెను. దీనినే ఫెన్సింగ్ అందురు. 1896 నాటి తొలి ఆధునిక ఒలింపిక్స్ నుండియు ఈ క్రీడ కలదు. కాని సేబర్ అను కత్తితో స్త్రీలు తలపడు పోటీ 2004లో మాత్రమే చేరినది. ఇందు ప్రత్యర్థి నడుమునకు పైభాగమున కత్తి తాకినచో దీపము వెలుగును. ముందుగా పదునైదు పాయింట్లు పొందినవారిదే జయము.

ఆనాడు మన దేశము పక్షమున నిలిచినది భవానీదేవి. చెన్నైలో తెలుగు కుటుంబమున జన్మించిన ఆమె, ఒలింపిక్ కత్తిసామునకు అర్హత పొందిన భారతీయులలో ప్రథమురాలు. తొలి పోరున ట్యునీషియాకు చెందిన నాదియా బెన్ అజీజీని 15-3 తేడాతో గెలిచెను. రెండవ పోరున ఫ్రాన్సు దేశపు మనోన్ బ్రూనె చేతిలో 7-15 తేడాతో ఓడెను. ఆ దినముననే, గెలువలేకపోయినందుకు క్షమింపుడని దేశప్రజలకు వ్రాసెను.

"తాతా, ఆమె చేసిన తప్పేమి?" అని మనుమరాలు అడిగెను. తప్పేమియు లేదంటిని. అంతట మనుమరాలు భవానీదేవి జీవితమును గూర్చి చదివి వినిపించినది. అసలు కత్తులు మిక్కిలి వెలగలవి యగుటచే, పాఠశాలలో నేర్చుకొను తొలిదినములలో ఆమె వెదురుకర్రలతో సాధన చేసెనట.

ఆ మాట వినగానే, గోడకు చేర్చిన కర్ర నా కన్నులకు గట్టెను. భవానీదేవికి కర్ర నిచ్చిన పాఠశాల దొరకినది. నా పాఠశాలలో కర్ర యుండియు నేను ఈయలేదు. క్షమాపణ కోరవలసినవాడను నేను.

ఆనాటి బాలిక ఇప్పుడు పొరుగూర గృహిణి. కొన్ని దినములకు ఆమె యింటికి వెళ్ళి నా మనసులోని మాట చెప్పితిని. "మీకు జ్ఞాపకమున్నదా, అయ్యవారూ! నేనైతే మఱువలేదు" అని ఆమె కొంతసేపు ఊరకుండెను. పిదప కుమార్తెను పిలిచి, "ఇదియు ఎనిమిదవ తరగతియే. ఇది అడిగినచో కాదనకుడు" అనెను.

నాకు కర్ర త్రిప్పుట రాదు. ఆ విద్య నెఱిగిన వృద్ధు నొకనిని బ్రతిమాలి పిలుచుకొని వచ్చితిని. ఆ యేటి దసరాకు మా వీధిలో ఆ బాలికయు, నా మనుమరాలును కర్రసాము చేసిరి. 2023లో చైనాలో జరిగిన ఆసియా పోటీలలో భవానీదేవి ప్రపంచవిజేతయైన జపాను క్రీడాకారిణిని ఓడించి, కంచు పతకము సాధించిన వార్తను వారే పరుగున వచ్చి నాకు చెప్పిరి.

ఇప్పుడు ఎవరైన వచ్చి నేర్చుకొందునన్నచో, ముందు కర్ర చేతికిచ్చి, పిదప మాటలాడుచున్నాను.