శియాన్‌లో అమరావతి కబుర్లు

చైనాలో ప్రైవేట్ గైడ్ ఎందుకు, డబ్బు దండగ కదా అని ఇక్కడ షామ్‌బర్గ్‌లో స్నేహితులు అడుగుతున్నారు. అమ్మానాన్నలతో వెళ్తే మాత్రం తప్పకుండా పెట్టుకోండి. శియాన్‌లో మట్టి సైనికుల బొమ్మల దగ్గర (1974లో బావి తవ్వుతుంటే రైతులకి కనబడ్డాయి) అంత జనంలోనూ మా గైడమ్మాయి నాన్న నడకకి తగ్గట్టే నడిచింది. భోజనం దగ్గర మాంసం, గుడ్డు వద్దని చెప్పి ఊరుకోలేదు, వంటింట్లోకెళ్లి బాణలి కడిగించింది. అప్పటికిగానీ అమ్మ ముద్ద ముట్టలేదు.

అసలు సంగతి బిగ్ వైల్డ్ గూస్ పగోడా దగ్గర. చైనా బౌద్ధ యాత్రికుడు హ్యూయన్‌త్సాంగ్ మన దేశం నుంచి తెచ్చిన బౌద్ధ గ్రంథాల కోసం 652లో కట్టారు. ఆయన అమరావతి దగ్గరి ధాన్యకటకం కూడా వచ్చాడనీ, అది మా ఊరి పక్కనేననీ నాన్న తెలుగులో, నేను ఇంగ్లీషులో చెప్తుంటే ఆ అమ్మాయి నోట్‌బుక్ తీసి అమరావతి పేరు రాసుకుంది. అక్కడి స్తూపం ఇంకా ఉందా అని అడిగింది. శిల్పాలు చాలావరకు చెన్నై, లండన్ మ్యూజియంలలో ఉన్నాయనేసరికి మొహం చిన్నబుచ్చుకుంది. బస్సు టూర్‌లో ఈ కబుర్లకి టైమెక్కడ?

అన్నట్టు, అమెరికా పాస్‌పోర్ట్‌తో ఇండియా వెళ్తూ మధ్యలో చైనాలో ఆగితే 2024 డిసెంబర్ నుంచి 240 గంటల వరకు వీసా అక్కర్లేదు. పెద్దవాళ్ల ఇండియన్ పాస్‌పోర్ట్‌కి ముందే తీసుకోవాలి.