సంధి, సందిప్పు



విరుదునగర్ స్టేషను బోర్డు మీద జంక్షన్‌ని తమిళంలో 'సందిప్పు' అంటారు. నేను చదివింది తమిళ మీడియం, ఇంట్లో తెలుగు. రైల్వే గుమాస్తాగా ఆ బోర్డు చూసినప్పుడల్లా మన 'సంధి' గుర్తొచ్చేది.

1792లో ఆర్కాటు నవాబూ కంపెనీ వాళ్ళూ ఒడంబడిక చేసుకున్నారు. పాళెగాళ్ళ దగ్గర కప్పం వసూలు చేసే హక్కు కంపెనీకి పోయింది. కట్టవలసిన పాళెగాళ్ళు ఆ ఒడంబడికలో లేరు. కప్పం తగాదా ముదిరింది. 1799 అక్టోబరులో కట్టబొమ్మను మన కోవిల్‌పట్టి పక్కనే, కయత్తారులో ఉరి తీశారు.

ఇప్పుడు మన సంఘంలో రెండు పక్షాలకూ రాజీ పత్రం రాస్తున్నారు. సంతోషమే. చందా కట్టే ఆడవాళ్ళనూ కుర్రవాళ్ళనూ అడిగారా? బరువు మోసేవాళ్ళు కూర్చోని సంధి నిలవదు. సంతకానికి ముందు వాళ్ళనీ పిలవండి.