ఇంజిన్‌లో ఓ లస్కరు

కృష్ణా డెల్టాలో లస్కరంటే తెలియని రైతుండడు. కాల్వగట్టు మీద సైకిలేసుకుని తిరుగుతూ ఏ తూము ఎప్పుడెత్తాలో, ఎప్పుడు దించాలో చూసుకునే మనిషి. ఉద్యోగం చిన్నదే. కానీ నాట్ల వేళ ఆయన షట్టరెత్తకపోతే, ప్రకాశం బ్యారేజీ నిండుకుండలా ఉన్నా చివరి పొలానికి చుక్క రాదు!

పెట్రోలు, డీజిలు కార్ల ఇంజిన్లలోనూ అలాంటి లస్కరు ఒకడుంటాడు. పేరు థర్మోస్టాట్. మెకానిక్కులు ‘థర్మోస్టాట్ వాల్వు’ అంటారు. గుప్పిట్లో ఇమిడిపోయేంత వస్తువు. కరెంటు అక్కర్లేదు, కబురక్కర్లేదు. నీళ్లు వేడెక్కితే తనే తలుపు తీస్తుంది, చల్లబడితే తనే మూస్తుంది. ఏళ్ల తరబడి అలా పనిచేస్తూనే ఉంటుంది కాబట్టి అదొకటుందన్న సంగతే చాలామందికి తెలీదు. అది మొండికేసిన రోజున మాత్రం కారుతో పాటు దాన్ని నమ్ముకున్నవాళ్లంతా రోడ్డు మీద నిలబడాల్సిందే. మైలవరంలో ఓ కారు డ్రైవరుకి ఎదురైంది అదే.

బుధవారం... శనివారం

ఆయన వయసు యాభై దాటింది. అంబాసిడర్ మీద డ్రైవింగు నేర్చుకుని, అప్పుచేసి సొంతకారు కొనుక్కున్నాడు. పదేళ్లు దాటిన డీజిలు బండి. పెళ్లిళ్లకీ, తిరుపతి ప్రయాణాలకీ తిప్పినా ఇంటిని నడిపేది మాత్రం రెండు రోజుల కిరాయి. బుధవారం, శనివారం తెల్లారుజామున ఐదింటికి మైలవరంలో ఓ పెద్దావిడను ఎక్కించుకుని విజయవాడ ఆసుపత్రికి తీసుకెళ్లాలి. ఆవిడకు డయాలసిస్. నాలుగు గంటలు మిషను మీద ఉంచుతారు. అయ్యాక మళ్లీ జాగ్రత్తగా ఇంటికి చేర్చాలి. పిల్లలు దూరాన ఉన్నారు. ఆవిడకు బస్సెక్కే ఓపిక లేదు. ‘‘నువ్వున్నావనేగా నాయనా వాళ్లక్కడ నిశ్చింతగా ఉంటున్నారు’’ అనేవారావిడ.

దారి దగ్గరే. జి.కొండూరు, కొండపల్లి, ఇబ్రహీంపట్నం, గొల్లపూడి... మొత్తం 40 కిలోమీటర్లు అటూఇటూ. ఓ వేసవిలో జి.కొండూరు దగ్గరకొచ్చేసరికి టెంపరేచర్ ముల్లు మెల్లగా పైకి లేచింది. కారు పక్కకు ఆపేలోపే ఠక్కున కిందికి దిగిపోయింది. ‘ముసలి బండి కదా’ అనుకున్నాడాయన. పది రోజుల్లో మరో రెండుసార్లు అలాగే జరిగింది. ఆ తర్వాతి శనివారం కొండపల్లి దాటకముందే ముల్లు ఎర్రగీత తాకింది. ఈసారి దిగలేదు. బానెట్ సందుల్లోంచి ఆవిరి!

పెద్దావిడను రోడ్డు పక్కన వేపచెట్టు నీడలో కూర్చోబెట్టాడు. సాయానికొచ్చిన లారీ క్లీనరు తడిగుడ్డ పట్టుకుని రేడియేటర్ మూత తిప్పబోతే చెయ్యి పట్టుకుని ఆపేశాడు. మంచిపని చేశాడు. రేడియేటర్లో నీళ్లు ఒత్తిడి మీద ఉంటాయి. అందుకే వంద డిగ్రీలు దాటినా మరగవు. మూత తీశామా... ఒత్తిడి పోయి ఒక్కసారిగా మరిగి మొహం మీదికి చిమ్ముతాయి. అలా చేతులూ మొహాలూ కాల్చుకున్నవాళ్లు ఎందరో!

వేరే కారు దొరికి, ఆవిడ ఆసుపత్రికి చేరేసరికి రెండు గంటలు ఆలస్యం. ఆ సాయంత్రం ఆవిడ కొడుకు ఫోన్ చేశాడు. కోప్పడలేదు. ‘‘మీ తప్పేం లేదండీ. కానీ అమ్మ ఆరోగ్యం కదా... బండి బాగయ్యేదాకా వేరే కారు చూసుకుంటాం’’ అన్నాడు. తిట్టినా ఇంత బాధ ఉండేది కాదు డ్రైవరుకి.

తలో మాట

ఇక మొదలైంది వైద్యం. మొదటి మెకానిక్ చూసీచూడగానే ‘‘హెడ్ గాస్కెట్ పోయింది, హెడ్డు దించాలి. పాతికవేలు పెట్టుకో’’ అన్నాడు. గాస్కెట్ పోయినా ఇంజిన్ వేడెక్కే మాట నిజమే. కానీ అలాంటప్పుడు సాధారణంగా వేరే గుర్తులు కూడా కనిపిస్తాయి. సైలెన్సర్ నుంచి ఆగకుండా తెల్లటి పొగ రావడం, ఆయిల్ పాలు కలిపినట్టు మారడం, రేడియేటర్లో బుడగలు రావడం... ఇందులో ఒక్కటీ లేదు.

రెండో ఆయన రేడియేటర్ కడిగించాడు. కొత్త మూత వేశాడు. లాభం లేకపోయింది. అప్పుడు ఫ్యాన్ వంక చూశాడు. ఇంజిన్ కాగిపోతున్నా ఫ్యాన్ తిరగడం లేదు! ‘‘దొరికింది దొంగ’’ అని వైరు లాగి ఫ్యాన్‌ను డైరెక్టు చేసేశాడు. తాళం తిప్పితే చాలు, ఫ్యాన్ గిరగిరా తిరుగుతోంది. అయినా పావుగంటలో ముల్లు మళ్లీ పైకే!

దొంగ ఫ్యాన్ కాదన్నమాట. మరెవరు?

చెయ్యేసి చూస్తే...

విజయవాడ ఆటోనగర్‌లో పాతికేళ్లు పనిచేసి, మైలవరంలో సొంత షెడ్డేసుకున్న మేస్త్రి ఒకాయన ఉన్నాడు. చివరికి కారు అక్కడికి చేరింది. ఆయన స్పానర్ పట్టుకోలేదు. ముందు కుర్చీ వేసి కూర్చోబెట్టి ఒకే ప్రశ్న వేశాడు.

‘‘బాబాయ్, మొదట్లో ముల్లు పైకెళ్లి దానంతటదే దిగిపోయేదా?’’

‘‘అవునయ్యా, ఠక్కున దిగేది.’’

‘‘అయితే రాత్రికి బండి ఇక్కడే ఉంచు. పొద్దున చల్లటి ఇంజిన్ మీద చూద్దాం.’’

ఇంజిన్‌లో నీళ్లకు రెండు దారులు. స్టార్ట్ చేసిన కొత్తల్లో చిన్న దారి... నీళ్లు ఇంజిన్‌లోనే చుట్టూ తిరిగి త్వరగా వేడెక్కుతాయి. 80-90 డిగ్రీల దగ్గర థర్మోస్టాట్ తెరుచుకుంటుంది. అప్పుడు పెద్ద దారిన రేడియేటర్‌లోకి పోయి, చల్లబడి తిరిగొస్తాయి. ఆ కారులో వేడినీళ్లు రేడియేటర్‌కి చేరేది పై గొట్టం గుండానే.

పొద్దున్నే కారు స్టార్ట్ చేసి మేస్త్రి పై గొట్టం మీద చెయ్యేశాడు. అంతా బాగుంటే ముల్లు మధ్యకు వచ్చాక గొట్టం ఉన్నట్టుండి చెయ్యి పెట్టలేనంతగా కాలాలి. ముల్లు మధ్యకొచ్చింది. మధ్య దాటింది. గొట్టం గోరువెచ్చగానే ఉంది. రేడియేటర్ చల్లగా ఉంది.

అంటే వేడినీళ్లు అటు రావడం లేదు. దానికి రెండు కారణాలుండొచ్చు. నీళ్లను తోసే పంపు... మన మెకానిక్కుల మాటల్లో ‘వాటర్ బాడీ’... పోయి ఉండాలి. లేదా తలుపు తెరుచుకోకపోయి ఉండాలి. ఏది? మేస్త్రి కారులోకి తొంగిచూసి ‘‘హీటర్ ఫుల్లు పెట్టు బాబాయ్’’ అన్నాడు. డ్రైవర్ నవ్వాడు. మే నెలలో, మైలవరంలో హీటరా! కొన్నాక ఒక్కసారీ తిప్పని మీట అది. తిప్పితే సెగ కొట్టింది. హీటర్‌లోకి వెళ్లేదీ ఇంజిన్ నీళ్లే. సెగ వచ్చిందంటే పంపు నీళ్లను తోస్తున్నట్టే. ఇంకేముంది? అడ్డం నిలబడింది థర్మోస్టాట్!

ఫ్యాన్ గుట్టు కూడా అప్పుడే తేలింది. దాన్ని తిప్పే స్విచ్ రేడియేటర్‌కే బిగించి ఉంది. రేడియేటర్‌కి వేడినీళ్లే రాకపోతే పాపం ఫ్యాన్‌కి ఇంజిన్ కాగిపోతోందని ఎవరు చెబుతారు?

టీకొట్టు పొయ్యి మీద పరీక్ష

మేస్త్రి ఇంజిన్ పూర్తిగా చల్లారేదాకా ఆగాడు. నీళ్లు దించి, రెండు బోల్టులు విప్పి థర్మోస్టాట్ బయటికి తీశాడు. దాని మీద 82 అని ముద్ర. 82 డిగ్రీల దగ్గర తెరుచుకోవడం మొదలవ్వాలని అర్థం. పక్కనే ఉన్న టీకొట్టు పొయ్యి మీద గిన్నెలో నీళ్లు పెట్టించి, దారం కట్టి గిన్నె అడుగుకి తగలకుండా వేలాడదీశాడు. నీళ్లు కళపెళా మరిగాయి. థర్మోస్టాట్ వెంట్రుక వాసి కూడా కదల్లేదు.

ఆటోనగర్‌లో షాపుకి ఫోన్ చేస్తే మధ్యాహ్నానికి బస్సులో పార్సిల్ వచ్చింది. ధర వెయ్యి రూపాయల లోపే. బిగించే ముందు దాన్నీ గిన్నెలో వేలాడదీశారు. నీళ్లు మరగకముందే మధ్యలోని రేకు మెల్లగా పైకి లేచింది. గిన్నె దించి చల్లటి నీళ్లు పోస్తే మళ్లీ మూసుకుంది. టీ తాగడానికొచ్చినవాళ్లంతా మూగి చూశారు.

ఇందులో కిటుకంతా మైనమే. ఇత్తడి డొక్కులో ప్రత్యేకమైన మైనం కూరి ఉంటుంది. కరిగితే ఉబ్బి, ఓ సన్నటి కడ్డీని నెడుతుంది. తలుపు తెరుచుకుంటుంది. గడ్డకడితే స్ప్రింగు తలుపును వెనక్కి లాగేస్తుంది. సెర్జియస్ వెర్నెట్ 1930ల్లో రూపొందించిన పద్ధతి ఇది. దాదాపు తొంభై ఏళ్లైనా ఇంజిన్లలో ఇప్పటికీ ఇదే వాడుతున్నారు.

బిగించడంలోనూ మెలకువలున్నాయి. మైనం ఉన్న డొక్కు ఇంజిన్ వైపు ఉండాలి. రేకుకి చిన్న చిల్లు ఉంటే అది పైకి ఉండాలి... గాలి పోవడానికి. పాత గాస్కెట్ ముక్కలు గీకి కొత్తది వెయ్యాలి. కూలెంట్ నింపాక, చల్లటి ఇంజిన్‌ను మూత తీసే స్టార్ట్ చేసి, లోపలి గాలి బుడగలుగా పోయేదాకా ఆగాలి. గాలి మిగిలితే కొత్త థర్మోస్టాట్‌తోనూ ముల్లు గంతులేస్తుంది.

‘మన ఎండలకు ఇదెందుకు?’

కొత్తది బిగించే ముందు డ్రైవర్ ఒక మాటన్నాడు. ‘‘అసలిది పీకేస్తే పోలా? అంబాసిడర్ రోజుల్లో అందరం పీకేసేవాళ్లంగా. చలిదేశాల వాళ్లకి కావాలిగానీ మన ఎండలకు ఇదెందుకయ్యా?’’

బెజవాడ ఎండలు తెలిసినవారెవరికైనా ఆ మాట సబబుగానే తోస్తుంది. ఇప్పటికీ చాలా షెడ్లలో వినిపించే మాటే. మేస్త్రి ఒప్పుకోలేదు. ‘‘బాబాయ్, రోహిణీ కార్తెలో మనకెంత... 45 డిగ్రీలు. ఇంజిన్‌కి కావాల్సింది 90. మన ఎండ కూడా దానికి చలే!’’

నిజమే. ఇబ్రహీంపట్నం థర్మల్ విద్యుత్ కేంద్రాన్ని 1979 నుంచీ చూస్తున్నాం. బొగ్గు మండగా వచ్చిన వేడంతా కరెంటైపోదు. మిగిలినదాన్ని నీళ్లతో చల్లార్చాల్సిందే. అందుకే అది కృష్ణ పక్కన ఉంది. కారు ఇంజినూ అంతే. డీజిల్ ఇచ్చే వేడిలో మూడో వంతు కాస్త అటూఇటూగా పనికొస్తుంది. మిగతాది పొగతోనూ నీళ్లతోనూ బయటికి పోవాలి. అలాగని మొత్తం చల్లబరిచేసినా నష్టమే. ఇంజిన్ చల్లగా ఉంటే ఇంధనం సరిగ్గా మండదు. ఆయిల్ పలచబడదు. తేమ ఆవిరై పోక ఆయిల్‌లోనే చేరుతుంది. అరుగుదల పెరిగి, మైలేజీ పడిపోతుంది. కంప్యూటర్ ఉన్న కార్లయితే ఇంజిన్ ఇంకా వేడెక్కలేదనుకుని ఇంధనం ఎక్కువ పంపుతాయి. చెక్ ఇంజిన్ లైటు వెలిగి, స్కానర్ పెడితే ‘పి0128’ అనే కోడ్ చూపిస్తాయి.

ఇంకో చిత్రం ఉంది. కొన్ని ఇంజిన్లలో థర్మోస్టాట్ అడుగున మరో చిన్న మూత ఉంటుంది. పెద్ద దారి తెరుచుకునేకొద్దీ అది చిన్న దారిని మూసేస్తుంది. మొత్తం పీకేస్తే చిన్న దారి బార్లా ఉండిపోయి, చాలా నీళ్లు రేడియేటర్‌కి వెళ్లకుండా దగ్గరి దారినే తిరుగుతాయి. చల్లబడాలని పీకితే ఇంజిన్ ఇంకా కాగిపోవచ్చు!

మరి ఇది ఎందుకు పాడైనట్టు? వయసు ఒక కారణం. బోరు నీళ్లు ఇంకో కారణం. ఎండాకాలం ఏ కుళాయి దొరికితే ఆ నీళ్లు పోయడం చాలామందికి అలవాటు. వాటిలోని ఉప్పూ సున్నం తెట్టుకట్టి, తుప్పుతో కలిసి కదిలేచోటల్లా పట్టేస్తాయి. పాత థర్మోస్టాట్ మీద తెల్లటి పొర మేస్త్రి గోటికి పెళ్లలుగా ఊడొచ్చింది. ఆ రోజు నుంచీ కారు డిక్కీలో కంపెనీ చెప్పిన రకం కూలెంట్ డబ్బా ఒకటి ఉంటోంది.

డ్రైవర్ రెండు రోజులు ఖాళీ కారుతో ఇబ్రహీంపట్నం దాకా వెళ్లి వచ్చాడు. ఏసీ వేసి ఒకసారి, తీసి ఒకసారి. ముల్లు మధ్యలోంచి కదల్లేదు. అప్పుడుగానీ పెద్దావిడ ఇంటికి వెళ్లలేదు. పాత థర్మోస్టాట్ చూపించి జరిగింది చెప్పాడు. ఆవిడ దాన్ని అటూఇటూ తిప్పి చూసి ‘‘ఇంత చిన్నదా! నాకూ ఇలాంటిదొకటి మార్చితే బాగుపడిపోదునేమోరా’’ అని నవ్వారు. కొడుక్కి ఫోన్ కూడా ఆవిడే చేశారు. బుధవారం ఐదింటికి పాత కారే వెళ్లింది.

ముల్లు లేస్తే...

నడిపేటప్పుడు టెంపరేచర్ ముల్లు పైకి పోతుంటే ఏసీ కట్టేయండి. వీలైతే హీటర్ ఫుల్లు పెట్టండి. కాసేపు ఉక్కపోసినా ఇంజిన్ వేడి కొంత బయటికి లాగేస్తుంది. నీడ చూసి ఆపి, ఇంజిన్ కట్టేయండి. ‘ఇంకో పది కిలోమీటర్లేగా’ అని లాగించారో... అప్పుడు నిజంగానే హెడ్డు వంగి, గాస్కెట్ పోతుంది. వందల్లో అయ్యే పని వేలకు చేరేది అక్కడే. మూత జోలికి మాత్రం ఇంజిన్ పూర్తిగా చల్లారేదాకా వెళ్లొద్దు.

ఇంజిన్ వేడెక్కడానికి కారణాలు బోలెడు. కూలెంట్ కారిపోవడం, రేడియేటర్ పూడుకుపోవడం, ఫ్యాన్, పంపు, గాస్కెట్... థర్మోస్టాట్ అందులో ఒకటి. కానీ చవగ్గా, తేలిగ్గా చూడగలిగేవాటిని ముందు చూడటం మంచిది. మార్చిన ఏ పార్టునైనా పాతది తీసుకుని చూడండి. ఎందుకు మారుస్తున్నారో చెప్పమనండి.

ఎవరైనా ‘హెడ్డు దించాలి’ అంటే కంగారుపడకండి. ‘‘గొట్టం మీద చెయ్యేసి చూశారా?’’ అని ఒక్క మాట అడగండి. అడిగితే పోయేదేం లేదు. పాతికవేలు మిగలొచ్చు!