పూతకొచ్చిన జీలుగ చేలు

జూన్ నెలాఖరులో గోదావరి జిల్లాలకు వెళ్లేవాళ్లు కాలవల్లో కొత్తనీరు చూసి మురిసిపోతారు. నేను ఈసారి జీలుగ పూత చూడటానికి వెళ్లాను. ఏడాది మొత్తంలో ఆ పూత కంటబడేది కొద్దిరోజులే. పూత పడిందంటే పచ్చిరొట్ట ఎరువుగా నేలలోకి దున్నేస్తారు మరి.

రాజమండ్రి నుంచి ధవళేశ్వరం వచ్చి బ్యారేజీ ఎక్కాం. కాటన్ దొర హయాంలో 1852 నాటికి పూర్తయిన ఆనకట్ట స్థానంలో కట్టిన బ్యారేజీ ఇది. ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం అని నాలుగు భాగాలుగా, మధ్యమధ్య లంకలతో సాగుతుంది. విజ్జేశ్వరం దగ్గర దిగితే పశ్చిమ డెల్టా కాలువ పక్కనే నిడదవోలు దాకా దారి. వేసవిలో కాలవలు కట్టేస్తారు. దాళ్వా కోతలయ్యాక, మళ్లీ నీళ్లు వదిలి సార్వా నాట్లు పడే లోపు దొరికే ఆ సందులోనే జీలుగకు చోటు. మే నెలలో ఒక మంచి వాన పడితే చాలు, మోళ్ల మధ్య విత్తనం చల్లేస్తారు.

నిడదవోలు, తణుకు దాటేదాకా చాలా చేలు ఖాళీగానే ఉన్నాయి. కొన్నిచోట్ల గడ్డి తగలబెట్టిన నల్లటి మచ్చలు. పెనుగొండ దాటి మార్టేరు వైపు వెళ్తుంటే రోడ్డు దిగువన, బోదె పక్కన, మొదటి జీలుగ చేను కనిపించింది. కారు ఆపించి గట్టు దిగాను.

నడుం దాటిన ఎత్తు. సన్నటి కాడ, దాని మీద అక్కడక్కడా చిన్న ముళ్లు. చింతాకులా రెండు వరసల్లో చిట్టి ఆకులు; పొద్దు వాలితే అవి ముడుచుకుంటాయి. ఆకు మొదట్లోంచి సన్నటి గెలలు వేలాడుతున్నాయి. పువ్వు చిక్కుడుపువ్వు తీరే. పై రేక లోపలి వైపు నిండు పసుపు, వెనకవైపు ఊదా చుక్కలు. నిలబడి చూస్తే చుక్కలు తెలియవు. పువ్వును వేలితో పైకెత్తితేనే కనబడతాయి. తేనెటీగలు మాత్రం విడవకుండా తిరుగుతున్నాయి.

చేను రైతు పెద్దాయన. "చూడ్డానికే వచ్చారాండీ?" అని కాస్త ఆశ్చర్యపోయి, అంతలోనే ఒక మొక్కను వేళ్లతో సహా పెకిలించి చేతికిచ్చాడు. వేళ్ల నిండా ఆవగింజంతవీ, అంతకన్నా పెద్దవీ బుడిపెలు. ఒకదాన్ని గోటితో చీల్చి చూపించాడు. లోపల లేత ఎరుపు. "ఆయ్, ఇలా ఎర్రగుంటే పని చేత్తన్నట్టండీ. తెల్లగుంటే లేనట్టే" అన్నాడు. ఆ బుడిపెల్లో రైజోబియం అనే సూక్ష్మజీవులుంటాయి. అవి గాలిలోని నత్రజనిని పట్టి మొక్కకు అందిస్తాయి, మొక్క వాటికి ఆహారం పెడుతుంది. ఆ ఎరుపు లెగ్‌హీమోగ్లోబిన్ అనే పదార్థానిది. శాస్త్రం ఇంత వివరంగా చెప్పే సంగతిని ఆయన గోటితో తేల్చేశాడు.

పూతలోనే ఎందుకు దున్నాలో కూడా ఆయనే చెప్పాడు. అంతకుముందైతే రొట్ట చాలదు. కాయ పడితే కాడలో నార ముదురుతుంది, దమ్ములో ఓ పట్టాన కుళ్లదు. విత్తిన నలభై అయిదు, యాభై రోజుల మధ్య, బాగా ఎదిగిన చేనును దున్నితే ఎకరాకు పాతిక, ముప్ఫై కిలోల నత్రజని నేలకు చేరుతుంది. 45 కిలోల యూరియా బస్తాలో ఉండేది ఇరవై కిలోల పైచిలుకే. పైగా యూరియా నేలను గుల్లపరచదు, జీలుగ రొట్ట గుల్లపరుస్తుంది.

మేం వెళ్తున్న దారిలోని మార్టేరు వరి పరిశోధన కేంద్రం 1925లో మొదలైంది. స్వర్ణ వరి వంగడం పుట్టింది అక్కడే. కాటన్ దొర సన్నాలు అనే 1010 రకమూ అక్కడిదే. దేశమంతా పండే వంగడాలను ఇచ్చిన ఊరి చుట్టుపక్కల కూడా పచ్చిరొట్ట చేలను వెతుక్కోవలసి రావడం నాకు బాధ కలిగించింది.

కారణాలు వెతకడానికి ఎంతో దూరం పోనక్కర్లేదు. దాళ్వా ఆలస్యమైతే మే నెల చేజారుతుంది. వేసవిలో ఊరి పశువులు చేలల్లో వదిలి ఉంటాయి, ఒక్కడు జీలుగ వేస్తే అది వాటి మేతే. అన్నిటికన్నా పెద్దది కౌలు. ఈ జిల్లాల్లో దున్నేవారిలో చాలామందికి సొంత చేను లేదు. వచ్చే ఏడు ఇదే చేను తన చేతిలో ఉంటుందో లేదో తెలియని మనిషి, నేల కోసం విత్తనం కొని చల్లమంటే ఎలా చల్లుతాడు? పెద్దాయనను అడిగితే, "సొంత ఎకరంలో ఏత్తానండీ, కౌలు చేలో ఎయ్యను" అని దాపరికం లేకుండా చెప్పాడు. ఆ మాటలో ఆయన తప్పేమీ లేదు.

పాలకొల్లు దాటి నరసాపురం వైపు వెళ్లేకొద్దీ చేలు తగ్గి రొయ్యల చెరువులు పెరిగాయి. గాలిలోనే ఉప్పు తెలుస్తుంది. నిజానికి జీలుగ అవసరం ఎక్కువ ఉన్నది ఇక్కడే. చౌడునూ, నిలిచిన నీటినీ తట్టుకునే పచ్చిరొట్ట పైరు ఇది. జనుము ఆ నీటిలో బతకదు. చెరువుల మధ్య మిగిలిన ఒకటి రెండు వరి కమతాల గట్ల మీద, ఎవరూ చల్లకుండానే మొలిచిన జీలుగ మొక్కలు కనిపించాయి. కొన్నిటికి జానెడు పొడవున సన్నటి కాయలు కూడా దిగాయి.

తిరుగు ప్రయాణంలో పెద్దాయన చేను దగ్గరికి వచ్చేసరికి ట్రాక్టరు దిగి ఉంది. సగం చేను నీళ్లలో కలిసిపోయింది. మిగతా సగంలో పువ్వులు అలాగే ఉన్నాయి.

డెల్టాలో పొలం ఉండి హైదరాబాదులోనో అమెరికాలోనో ఉంటున్నవారికి నాదొక మనవి. ఈసారి కౌలు మాట్లాడుకునేటప్పుడు జీలుగ విత్తనం ఖర్చు మీరు పెట్టుకోండి. ఎకరాకు పది, పన్నెండు కిలోలు చాలు. చేను మీది, బాగుపడే నేల మీది. గట్టు వెంబడి నాలుగు మొక్కలు దున్నకుండా కాయకు వదిలేయమని కూడా రైతుకు చెప్పండి. పూతలోనే దున్నేసే పైరుకు విత్తనం ఏటా కొనాల్సిందే. గట్టు మీద కాసిన గింజ కొంతైనా ఆ ఖర్చు తగ్గిస్తుంది.