సంఘం షాట్‌లో మా దాదా

మా తొండుపల్లి చుట్టుపక్కల ఇప్పుడు స్వావలంబన కూడా ప్లాట్లుగా అమ్ముతున్నారు. ఎకరంలో ఇల్లు, కప్పు మీద సోలార్ పలకలు, సొంత బోరు, పెరట్లో కూరగాయలు. ఎవరి మీదా ఆధారపడకుండా బతకొచ్చట! 2008లో శంషాబాద్ విమానాశ్రయం మొదలైంది. సుమారు 5,500 ఎకరాలు దాని కిందికి పోయాయి. పొలాలున్నవాళ్ళు పొలాలు పోగొట్టుకున్నారు. మాకు పోగొట్టుకోవడానికి కూడా పొలం లేదు.

మా దాదా దూది ఏకేవాడు. విల్లు భుజానేసుకుని ఊరూరా తిరిగేవాడు. కరెంటు తీగ మా గల్లీ మొదట్లోనే ఆగిపోయింది. కందిలి వెలుతుర్లో దాదీ బొంతలు కుట్టేది. ఏకే దూది రైతుది. తినే జొన్నలు రైతువి. తాగే నీళ్ళు ఇంకొకరి బావివి. మా బతుకుని ఎవరూ స్వావలంబన అనలేదు. 'పింజారోళ్ళు' అన్నారు. ఇంట్లో 'నద్దాఫ్' అని మర్యాదగా చెప్పుకునే వృత్తి, గడప దాటి తెలుగులోకి రాగానే తిట్టెందుకయింది? బళ్ళో పంతులు ఎవర్నో ఆ మాటతో తిడితే క్లాసంతా నవ్వింది. నేను తల వంచుకుని కూర్చున్నాను.

అందుకే స్వావలంబన అనగానే, ఎవరిదని అడుగుతాను. నాకు దొరికిన మంచి జవాబు జహీరాబాద్ దగ్గరి పస్తాపూర్‌ది. దూరదర్శన్‌లో ప్రొడ్యూసర్‌గా పనిచేసిన పి.వి. సతీష్, మిత్రులతో కలిసి 1983లో అక్కడ దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ మొదలుపెట్టారు. 2023 మార్చిలో కన్నుమూశారు. అక్కడి దళిత స్త్రీలు సంఘాలుగా కూడి పడావు భూములు సాగుచేశారు. కౌలుకి తీసుకుని కలిసి దున్నారు. జొన్న, కొర్ర, కంది కలిపి విత్తారు. బూడిద, వేపాకు వేసి విత్తనం దాచుకున్నారు. షావుకారి గడప తొక్కే పని తగ్గింది.

తర్వాత కెమెరా పట్టారు. చాలామందికి అక్షరం రాదు. వరంగల్ బీటీ పత్తి రైతుల గోడు సినిమాగా తీశారు. షాట్లకి తమ బతుకులోంచే పేర్లు పెట్టుకున్నారు. హెచ్చుతగ్గులు చూపే కోణం పటేల్ షాట్. కంటికి కన్ను సమానంగా నిలిపేది సంఘం షాట్. ఏ సినిమా బడి నేర్పుతుంది ఈ పాఠం?

ఆ ఆడవాళ్ళు ముందు కాలు మోపడానికి నేల సంపాదించారు. అదీ ఒంటరిగా కాదు, పదిమందితో కలిసి. నేల లేనివాణ్ణి నీ బతుకు నువ్వే బతకమంటే అది వెలివేతే. మా గల్లీ చీకటి మేం కోరుకున్నది కాదు. దాన్నిప్పుడు నిరాడంబరమని మెచ్చుకున్నా, వెనుకబాటని జాలిపడ్డా మాకు ఒరిగేదేమీ లేదు.

రేపు ఎవరైనా కెమెరా పట్టుకుని సొంతకాళ్ళ బతుకుల్ని వెతుక్కుంటూ తొండుపల్లి వస్తే రానివ్వండి. సోలార్ పలకలూ తీసుకోనివ్వండి. ఆ ఇంటికి గోడ కట్టిన మేస్త్రీని, గేటు కాసే చాచాని, పరుపు కుట్టిన మా వాళ్ళనీ తీయాలి. సంఘం షాట్‌లో తీయాలి. మా దాదా విల్లు మోత ఆ సినిమాలో వినపడాలి.